ఎర్రచుక్క మెట్టు

ఆ వేసవిలో మా ఆవిడ ఫ్లూటును ముక్కలు ముక్కలుగా కోసి డబ్బాలో పెట్టాను. ఫ్లూటును కాదు, అందులోంచి వచ్చే స్వరాలను. ప్రభుత్వం పెట్టమంది, పెట్టాను.

నేను రేడియో స్టేషన్లో రికార్డిస్టుని. ఆవిడ అదే స్టేషన్ ఆర్కెస్ట్రాలో ఫ్లూటు వాయించేది. స్టూడియోకీ కంట్రోల్ రూముకీ మధ్య మందపాటి అద్దం ఉంటుంది. మైకుతో అటు ఆవిడ, మీటల ముందు ఇటు నేను. పెళ్లయిన దగ్గర్నుంచీ ఇంట్లో కంటే ఆ అద్దంలోంచే ఒకరినొకరం ఎక్కువగా చూసుకున్నాం.

ఎండలు మొదలయ్యే ముందు పైనుంచి సర్క్యులర్ వచ్చింది. కొత్త సాంస్కృతిక విధానం. కళలు తమ కాళ్ల మీద తాము నిలబడాలి అన్నది అందులో మొదటి వాక్యం. రెండో పేజీకి వచ్చేసరికి ఆ కాళ్లు ఎవరివో అర్థమైంది.

డైరెక్టరు అందరినీ మీటింగు హాల్లో కూర్చోబెట్టి చదివి వినిపించాడు. ఆర్కెస్ట్రాలోని ప్రతి వాద్యాన్నీ, ప్రతి స్వరాన్నీ విడివిడిగా రికార్డు చెయ్యాలి. మెల్లగా ఒకసారి, మామూలుగా ఒకసారి, గట్టిగా ఒకసారి. అవన్నీ కలిపితే స్వరభాండాగారం అవుతుంది. ఆ తర్వాత ఎవరికి సంగీతం కావాలన్నా కంప్యూటరుకు తగిలించిన కీబోర్డు మీద మెట్లు నొక్కుకుంటే చాలు, మా ఆర్కెస్ట్రా మోగుతుంది. సబ్బుల ప్రకటనల వాళ్లు, సీరియళ్ల వాళ్లు అద్దె కట్టి వాడుకుంటారు. ప్రధాన కార్యాలయం భాండాగారాన్ని ఆమోదించిన రోజునే ఆర్కెస్ట్రా రద్దు. ఉండాలనుకునే వాళ్లను ఇతర విభాగాల్లో సర్దుతారు. శ్రోతల ఉత్తరాలు, గేటు పాసులు, స్టోరు.

వెనక వరుసలోంచి క్లారినెట్ వాయించే ఆయన లేచాడు. "మరి మేం ఏమవుతాం సార్?"

"మీరు అందులో ఉంటారు కదా," అన్నాడు డైరెక్టరు.

వెటకారానికి అన్న మాట కాదు. నిజంగానే ఓదార్చాననుకున్నాడు.

చివర్లో ఒక హెచ్చరిక చేశాడు. వేసవి దాటేలోగా పని పూర్తయి ఆమోదం రాకపోతే నిధులు మురిగిపోతాయట. మురిగిపోతే పథకం పోయినట్టే, మళ్లీ బడ్జెట్ దాకా దాని ఊసెత్తేవాడు ఉండడు. మమ్మల్ని తొందరపెట్టడానికి ఆ మాట అన్నాడు. మావయ్యగారు మాత్రం దాన్ని వేరేగా విన్నారు. నా పక్కనే కూర్చున్నారు కాబట్టి చూశాను, అప్పటిదాకా మోకాలి మీద తాళం వేస్తున్న వేలు ఆగిపోయింది.

మావయ్యగారంటే మా ఆవిడకు మేనమామ. ఆర్కెస్ట్రాకు ఆయనే పెద్ద, మొదటి వయొలిన్. పెళ్లి చేసుకోలేదు. మా ఆవిడ నోట్లో పాలపళ్లు ఉన్నప్పుడే చేతిలో ఫ్లూటు పెట్టింది ఆయనే. రోజూ సాయంత్రం భోజనం మా ఇంట్లోనే.

రికార్డింగు మొదలైంది.

మైకులో చప్పుడు వస్తుందని ఫ్యానూ ఏసీ రెండూ ఆపేసేవాళ్లం. వాయించే మనిషి ఒక స్వరం పట్టి, అది గదిలో పూర్తిగా చచ్చిపోయేదాకా కదలకుండా నిలబడాలి. చొక్కా గరగరమన్నా మళ్లీ మొదటికి. చెమట కళ్లలోకి కారుతున్నా తుడుచుకోకూడదు. నేను చెయ్యి ఎత్తితే మొదలు, దించితే ఆపు. తర్వాత దాని పక్క స్వరం.

మా ఆవిడ వంతు వచ్చినప్పుడు మొదటి పూటే అద్దం వెనక నుంచి నాకేసి దిగులుగా చూసింది.

"ఒక స్వరం పట్టగానే రెండోదాని కోసం వేళ్లు లాగుతున్నాయండీ," అంది మైకులో. "ఆపడానికే కష్టంగా ఉంది, వాయించడానికి కాదు."

"ఆపడానికే జీతం," అన్నాను.

నవ్వలేదు. 

ఒక్కో స్వరం విడిగా తీసుకునేటప్పుడు కూడా ఆర్కెస్ట్రా వాళ్లు ఒక అలవాటు మానలేదు. ఆ అలవాటు గురించి చెప్పాలి, కథంతా దాని మీదే నడిచింది.

మా స్టూడియో మూల ఒక పాత పియానో ఉంది. దాని మీద ఎవరూ సంగీతం వాయించరు, సగం మెట్లు నొక్కితే లేవవు. నడుమ ఒక మెట్టు మీద ఎవరో ఎప్పుడో గోళ్లరంగుతో ఎర్రచుక్క పెట్టారు. పియానో అంతా ఆ ఒక్క మెట్టు కోసమే బతికి ఉంది. పొద్దున్నే మావయ్యగారు వచ్చి దాన్ని నొక్కి పట్టుకుంటారు. అది మోగుతుండగా వయొలిన్ల వాళ్లు బిరడాలు తిప్పుకుంటారు, క్లారినెట్ ఆయన గొట్టం సర్దుకుంటాడు, మా ఆవిడ ఫ్లూటు తలభాగాన్ని కొంచెం బయటికి లాగుతుంది. అందరూ కలిసిన క్షణంలో ఆయన చెయ్యి తీసేస్తారు. ఆ మెట్టు ఎంతంటే వాళ్లకు శ్రుతి అంత.

ఇంట్లో అత్తయ్యకు, అంటే మా ఆవిడ తల్లికి, ఈ గొడవ అంతా చెప్పకూడదనుకున్నాం. అయినా ఆవిడ దగ్గర ఏదీ దాగదు. ఆవిడ కూడా ఒకప్పుడు ఆ స్టేషన్లోనే పాడింది. బృందగానాల్లో వెనక వరుస. ఒకే ఒక్కసారి సొంతంగా పాడింది, ఆ పాట ఇప్పటికీ మధ్యాహ్నం పాతపాటల్లో ఎప్పుడో ఒకసారి వస్తుంది. వచ్చిన రోజు ఇంట్లో గిన్నె కింద పెట్టినా ఒప్పుకోదు.

ఆ రోజు వచ్చింది. సెలవు రోజు కాబట్టి అందరం ఉన్నాం, మావయ్యగారితో సహా. రెండో చరణంలో ఒక చోట ఆవిడ గొంతు ఆగుతుంది, చిన్న ఊపిరి, మళ్లీ ఎత్తుకుంటుంది. అక్కడికి రాగానే అత్తయ్య వేలు పైకి లేపింది.

"ఇదిగో, ఇక్కడే. వాడు కింద ఉన్నాడు."

మాకు తెలిసిన కథే. ఆ రోజుల్లో పియానో శ్రుతి చెయ్యడానికి స్టేషన్లో ఒక ట్యూనరు ఉండేవాడు. ఆ పూట పియానో కిందికి దూరి ఏదో బిగిస్తూ ఉండగానే రికార్డింగు ఎర్రలైటు వెలిగిందట. బయటికి రావడానికి లేదు. పాట అయ్యేదాకా కింద గొంతుక్కూర్చుని తుమ్ము ఆపుకున్నాడట. అత్తయ్యకు వాడి మొహం కనబడి నవ్వొచ్చింది. నవ్వు మింగడానికి తీసుకున్న ఊపిరి అది. ఆ ఊపిరి భలే అమరిందని అందరూ మెచ్చుకున్నారు.

"ఇప్పుడు లేడు కదరా ట్యూనరు?" అంది తమ్ముడితో.

"ఎక్కడక్కయ్యా, ఆ పోస్టే తీసేశారు," అన్నారు మావయ్యగారు. "పొదుపు అన్నారు. పియానో వాయించేవాడే లేనప్పుడు శ్రుతి చేసేవాడెందుకని. అప్పుడెప్పుడో, రెండు ప్రభుత్వాల కిందట."

"మరి మీరు శ్రుతి ఎక్కడ తీసుకుంటున్నారు?"

"ఆ పియానో దగ్గరే."

అత్తయ్య తమ్ముడి వంక ఒకలా చూసి, లోపలికి వెళ్లిపోయింది. ఆ చూపు ఏమిటో అప్పుడు ఎవరం పట్టించుకోలేదు.

పట్టించుకునే రోజు త్వరలోనే వచ్చింది. భాండాగారాన్ని పరీక్షించుకోవడానికి ప్రధాన కార్యాలయం ఒక కొత్త కీబోర్డు పంపింది. నేను దాన్ని కంట్రోల్ రూములో బిగించాను. మధ్యాహ్నం విరామంలో మా ఆవిడ వచ్చి దాని మీద ఒక మెట్టు నొక్కి, సరదాకు ఫ్లూటు కలిపింది.

వెంటనే తీసేసింది. ఇంకోసారి నొక్కి మళ్లీ కలిపింది. మొహం మాడిపోయింది.

"ఇది పైన ఉందా, నేను కింద ఉన్నానా?"

నా బల్ల మీద కాగితాలు ఎగిరిపోకుండా ఒక చిన్న పెట్టె పెట్టి ఉండేది. రికార్డింగుకు ముందు శ్రుతి కొలవమని సర్క్యులర్‌తో పాటే పంపిన మీటరు. దాని మీది ప్లాస్టిక్ కూడా తీయలేదు. పియానో ఉండగా అదెందుకని మావయ్యగారు అన్నారు, ఆయన మాట కాదని నాకూ అనిపించలేదు. ఇప్పుడు తీసి, గోడ గడియారంలోని సెల్స్ దానికి వేసి, మా ఆవిడను వాయించమన్నాను. ముల్లు నడిమి గీతకు చాలా కింద ఆగింది. నెల రోజులుగా తీసిన స్వరాలు పెట్టాను. వయొలిన్, క్లారినెట్, చెల్లో. అన్నీ అక్కడే ఆగాయి.

ట్యూనరు పోయిన దగ్గర్నుంచీ పియానో తీగలు మెల్లగా సడలుతూ వచ్చాయి. మనిషి చెవికి తెలియనంత మెల్లగా. పియానోతో పాటే ఆర్కెస్ట్రా కూడా కిందికి దిగుతూ వచ్చింది. అందరూ కలిసే దిగారు కాబట్టి ఎవరికీ తెలియలేదు.

"అంటే ఇదంతా పనికిరాదా?" అంది మా ఆవిడ. గొంతులో భయమే ఉంది. ఒక్క నిమిషం ఆగి మళ్లీ అదే మాట అంది. "అంటే ఇదంతా పనికిరాదు." ఈసారి భయం లేదు.

సాయంత్రం మా వంటింట్లో బల్ల దగ్గర తలుపు వేసుకుని కూర్చున్నాం. మావయ్యగారు, క్లారినెట్ ఆయన, మేమిద్దరం.  ఇన్నేళ్లుగా తను శ్రుతి తప్పి ఉన్నానన్న సంగతి మావయ్యగారికి మింగుడు పడలేదు. పథకం సంగతి తర్వాతే వచ్చింది.

అది వచ్చాక అంతా చకచకా తేలిపోయింది. నోరు మూసుకుని ఇలాగే వాయించాలి. వేసవి చివర్లో ప్రధాన కార్యాలయం నుంచి పరీక్షించే ఇంజినీరు వస్తాడు. చెవి ఉన్నవాడైతే పట్టుకుంటాడు. అప్పటికి మొత్తం మళ్లీ తీయడానికి గడువు ఉండదు. నిధులు మురిగిపోతాయి. ఆర్కెస్ట్రా బతుకుతుంది.

"మనం అబద్ధం ఆడట్లేదు, తప్పు వాయించట్లేదు," అన్నారు మావయ్యగారు. "రోజూ వాయించినట్టే వాయిస్తున్నాం. అంతేగా?"

"ఈయన సంతకం ఉంటుంది మావయ్యా," అంది మా ఆవిడ. "ప్రతి రికార్డింగు కిందా సాంకేతికంగా సరిగ్గా ఉంది అని ఈయనే సంతకం పెడుతున్నారు. రేపు ఏమన్నా అయితే ముందు ఈయన ఉద్యోగమే."

అందరూ నావైపు చూశారు. ఇంట్లో రెండు జీతాలు. ఒకటి ఆవిడను ఏ విభాగంలో సర్దినా వస్తుంది, రెండోది పణం పెడితే ఆవిడ ఫ్లూటు నిలుస్తుందేమో. లెక్క కష్టమైనది కాదు. నేను లెక్క వేసుకోలేదు కూడా. అద్దం వెనక ఒక్కో స్వరం దగ్గరా ఆగిపోతున్న ఆ మనిషి మొహం నెల రోజులుగా చూస్తున్నాను.

"ట్యూనరు పోస్టు నేను తీసెయ్యలేదుగా," అన్నాను.

క్లారినెట్ ఆయనకు ఇంకా ధైర్యం చాలలేదు. ఇది సరిపోదేమో, వచ్చేవాడు చెవిటివాడైతేనో అన్నాడు. రేపట్నుంచి పియానో దగ్గరికి పోకుండా తలా ఒక శ్రుతిలో వాయిద్దాం, అప్పుడు గాడిదకైనా తెలుస్తుంది అన్నాడు. మావయ్యగారు మొహం చిట్లించారు, కానీ వద్దనలేదు.

మర్నాడు ప్రయత్నించారు. మా ఆవిడ ఫ్లూటు తలభాగాన్ని కావాలని ఇంకొంచెం లాగి మైకు ముందు నిలబడింది. నేను చెయ్యి ఎత్తాను. హెడ్‌ఫోన్లలో స్వరం వంకరగా పుట్టింది. పుట్టి, నేను చూస్తుండగానే పాకుతూ పాకుతూ రోజూ ఉండే చోటికి వచ్చి కూర్చుంది. మళ్లీ తీశాం. మళ్లీ అంతే.

"పెదవి ఒప్పుకోవట్లేదండీ," అంది. "నేను తప్పుగా పెడుతున్నాను, అది సర్దేస్తోంది."

క్లారినెట్ ఆయన కూడా అంతే. తప్పు వాయిస్తానని వెళ్లి, తన జీవితంలోకెల్లా శుద్ధమైన స్వరం ఒకటి వాయించి, తిట్టుకుంటూ బయటికి వచ్చాడు. మావయ్యగారైతే వయొలిన్ బిరడా వదులు చేసి, వేలితో మీటి చూసుకుని, మళ్లీ బిగించుకుని పియానో దగ్గరికి నడిచారు. ఎర్రచుక్క మెట్టు నొక్కి పట్టుకున్నారు. అందరూ కలిశారు. ఆ ఆలోచన అక్కడితో సరి.

ఒకసారి మాత్రం దొరికిపోయేవాళ్లమే. డైరెక్టరు కంట్రోల్ రూముకు వచ్చి, మాట్లాడుతూ మాట్లాడుతూ నా బల్ల మీద పెట్టె చేతిలోకి తీసుకున్నాడు.

"ఇది శ్రుతి మీటరు కాదూ? చూస్తున్నారా దీంతో?"

"పనిచెయ్యట్లేదు సార్. సెల్స్ లేవు."

సెల్స్ నా జేబులో ఉన్నాయి. గోడ గడియారం ఆగిపోయి ఉంది, ఆయన అటు చూడలేదు.

"మరి స్టోరుకు ఇండెంటు పెట్టండి."

"పెడతాను సార్."

పెట్టాను కూడా. ఆ ఇండెంటు మంజూరై సెల్స్ చేతికి వచ్చేసరికి వాన చినుకులు పడుతున్నాయి. మా ఆఫీసు సంగతి తెలిసే అంత నిశ్చింతగా పెట్టాను.

వేసవి అయిపోవచ్చింది. అందరూ చిక్కిపోయారు. విడివిడిగా స్వరాలు వాయించీ వాయించీ మా ఆవిడ ఇంట్లో ఫ్లూటు ముట్టుకోవడం మానేసింది. అత్తయ్య అడిగితే వేసవికి పెదవులు పగులుతున్నాయని చెప్పింది. మావయ్యగారు భోజనానికి వచ్చి సగం కంచంలోనే వదిలేసి వెళ్లేవారు. పాపం, ఆయన అక్కయ్య దగ్గర తిట్లు తినడానికే ఎక్కువ వచ్చినట్టుండేది. "తినడానికి కూడా సర్క్యులర్ రావాలేమిట్రా?" అనేది ఆవిడ.

గడువు ముంచుకొచ్చాక ఇంజినీరు దిగాడు. చిన్నవాడు. మెడలో హెడ్‌ఫోన్లు తీయడు, టీ తాగేటప్పుడు కూడా. మావాళ్లు వచ్చిన గంటలోనే చెవులాయన అని పేరు పెట్టేశారు. మర్యాదస్తుడు. మావయ్యగారు గదిలోకి వస్తే లేచి నిలబడ్డాడు.

కంట్రోల్ రూములో కీబోర్డు ముందు కూర్చున్నాడు. వెనక డైరెక్టరు, నేను. అద్దానికి అవతల ఆర్కెస్ట్రా మొత్తం, వాద్యాలు చేతుల్లో పెట్టుకుని. మావయ్యగారినీ మా ఆవిడనూ మాత్రం లోపలికి పిలిచాడు.

కీబోర్డులో ముందు నుంచీ ఉన్న శబ్దంతో ఒక మెట్టు నొక్కాడు. తర్వాత మా భాండాగారంలోంచి అదే స్వరం, ఫ్లూటులో. కనుబొమలు ముడిపడ్డాయి. చెవి ఉంది. 

"మీది కింద ఉంది," అన్నాడు.

 వయొలిన్ పెట్టాడు. "ఇదీ కిందే." చెల్లో. క్లారినెట్. ఒక్కోటీ వింటూ తల అడ్డంగా ఊపుతున్నాడు. డైరెక్టరు మొహం పాలిపోయింది. మళ్లీ మొత్తం తీయడానికి గడువు లేదండీ, నిధులు పోతాయండీ అని గొణిగాడు. మా ఆవిడ నా వంక చూడకుండా నేల వంక చూస్తోంది. ఆ మొహంలో ఏం దాచుకుంటోందో నాకు తెలుసు.

"మళ్లీ తీయడం ఎందుకు?" అన్నాడు చెవులాయన.

కుర్చీ మావయ్యగారి వైపు తిప్పాడు. "నేను చాలా స్టేషన్లు చూశానండీ. ఒకళ్లు పైన, ఒకళ్లు కింద, ఎవరి దారి వాళ్లది. అక్కడ ఒక్కో స్వరాన్నీ విడిగా సరిచెయ్యాలి, నెలలు పడుతుంది. రెండు చోట్ల చెయ్యలేక వదిలేశాం, నిధులు వెనక్కి పోయాయి. మీ దగ్గర అందరూ సరిగ్గా ఒకే అంత కింద ఉన్నారు. వెంట్రుకవాసి తేడా లేదు. ఇంత కలిసి వాయించే వాళ్లను నేనెక్కడా వినలేదు. మీకు ఒక్క అంకె చాలు."

శ్రుతి ఎంత పైకి జరగాలో ఒక గడిలో అంకె కొట్టాడు. మెట్టు నొక్కాడు. ఫ్లూటు, వయొలిన్, చెల్లో, క్లారినెట్, అన్నీ ఒక్కసారే లేచి గీత మీద నిలబడ్డాయి.

మా ఆర్కెస్ట్రాకు అంత పెద్ద మెచ్చుకోలు ఎవరూ ఇవ్వలేదు. ఆయన లేచి మావయ్యగారి చెయ్యి రెండు చేతులతో పట్టుకుని ఊపాడు. మావయ్యగారు ఊపనిచ్చారు. "సంతోషం బాబూ," అన్నారు.

అద్దానికి అవతల ఉన్నవాళ్లకు ఏమీ వినబడలేదు. చెయ్యి కలపడం మాత్రం కనబడింది. క్లారినెట్ ఆయన అది చూసి, గెలిచామనుకుని, అటువైపు నుంచి బొటనవేలు ఎత్తి చూపించాడు.

ఆమోదం ఆ సాయంత్రమే వచ్చింది. ఆర్కెస్ట్రా ఆ సాయంత్రమే పోయింది.

నా సంతకం గురించి ఎవరూ అడగలేదు. పైగా నాకు కొత్త పని దొరికింది. వెళ్లేముందు చెవులాయన డైరెక్టరుతో ఒక సలహా చెప్పాడు. ఇక్కడి శ్రుతి కింద ఉంది కాబట్టి ఇక్కడి పాత పాటలు కూడా కిందే ఉండి ఉంటాయి. వాటినీ అద్దెకు ఇవ్వాలంటే భాండాగారంతో కలవాలి. అదే అంకె వాటికీ వేసేస్తే సరిపోతుంది. సలహా వారం తిరిగేసరికి ఆర్డరై వచ్చింది.

ఆ అంకె వేస్తే పాత టేపు కొంచెం వేగంగా తిరిగినట్టు పాట కాస్త పైకి లేస్తుంది, కాస్త పరుగెత్తుతుంది. కొత్త పాటలకు ఫరవాలేదు. ట్యూనరు ఉన్న రోజుల్లో రికార్డయిన పాటలు మాత్రం అప్పటికే సరైన శ్రుతిలో ఉన్నాయి. వాటికి ఈ అంకె వేస్తే పాడైపోతాయి. ఈ సంగతి డైరెక్టరుకు చెప్పాను. ఆయన విన్నాడు. ఓపికగానే విన్నాడు.

"ఏది ఎప్పటిదో, ఏది సరిగ్గా ఉందో విని విడదీయాలి కదయ్యా. ఎవరు వింటారు?"

"ఆర్కెస్ట్రా వాళ్లు ఉన్నారు కదా సార్. మావయ్యగారు ఒక్కరు చాలు."

"ఆయనిప్పుడు గేటు పాసుల్లో ఉన్నారు. అక్కణ్నుంచి తీస్తే అక్కడ మనిషి ఉండడు." కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "ఆర్డర్లో అన్నీ అని ఉంది. అన్నీ చేసెయ్యి."

అన్నీ చేసేశాను. వానలు పడుతుండగా కంట్రోల్ రూములో ఒక్కణ్నే కూర్చుని, ఒక్కో పాటా తీసి, అంకె కొట్టి, పక్కన పెట్టాను. అద్దానికి అవతల స్టూడియో ఖాళీ. పియానోను ఎవరో గోడవైపు తిప్పేశారు, మెట్లు కనబడవు. సెల్స్ వచ్చాయి, గోడ గడియారానికి వేశాను.

మావయ్యగారు గేటు దగ్గర గదిలో కూర్చుని వచ్చేపోయేవాళ్ల పేర్లు రాసుకుంటున్నారు. బావుంది, నీడపట్టున పని అంటారు అడిగితే. మా ఆవిడకు శ్రోతల ఉత్తరాల విభాగం ఇచ్చారు. ఆర్కెస్ట్రా ఇప్పుడు ఇంకా బావుంది, కొత్తవాళ్లను తీసుకున్నారా అని ఒక శ్రోత రాశాడని చెప్పింది ఒకరోజు. జవాబేం రాశావన్నాను. శ్రోతల అభిమానానికి ధన్యవాదాలు అని రాసిందట. దానికి అచ్చువేసిన కార్డు ఉంటుంది.

ఆ తర్వాత ఒక సెలవు రోజు మధ్యాహ్నం రేడియోలో పాత పాటలు వస్తున్నాయి. అత్తయ్య కిటికీ దగ్గర పడక్కుర్చీలో ఉంది. మా ఆవిడ బట్టలు మడత పెడుతోంది. మావయ్యగారు భోజనం చేసి పేపరు చూస్తున్నారు. పాట మొదలవగానే అది అత్తయ్య పాటేనని నాకు తెలిసిపోయింది. లేచి రేడియో కట్టెయ్యాలనుకున్నాను, అత్తయ్య చెయ్యి ఎత్తింది, చప్పుడు చెయ్యొద్దని.

గొంతు లేతగా, సన్నగా, ఎవరో పదహారేళ్ల పిల్ల పాడుతున్నట్టుంది. మావయ్యగారి పేపరు ముఖానికి అడ్డంగా అలాగే నిలిచిపోయింది. మా ఆవిడ చేతిలో చొక్కా సగం మడతలో ఆగింది. రెండో చరణం వచ్చింది. అత్తయ్య వేలు లేపబోయింది. ఆ చోటు అప్పటికే దాటిపోయింది. వేలు గాల్లో ఒక క్షణం ఉండి, మెల్లగా కుర్చీ చేతి మీదికి దిగింది.

పాట అయిపోయింది. 

"నా పాట ఎవరో చిన్నపిల్లతో పాడించారే," అంది చివరికి. "బానే పాడింది. కాస్త తొందరెక్కువ. అక్కడ ఆగాలి, ఆగలేదు."

మావయ్యగారు పేపరులో పేజీ తిప్పారు. 

"చిన్నతనం. నిలకడ అదే వస్తుందిలే," అంది మళ్లీ. తర్వాత కూతురి వైపు తిరిగింది. "ఆ పిల్లను పర్మనెంటు చేశారా?"

మా ఆవిడ చొక్కా మడత పూర్తి చేసి, దొంతర మీద పెట్టి, చేత్తో ఒకసారి నొక్కింది.

"చేశారమ్మా," అంది.